అడక్కుండా నా కథ యూట్యూబ్‌లో చదివారు, ముగింపు కూడా మార్చేశారు. ఏం చెయ్యొచ్చు?

పెరటిజామ
మొన్న మా ఆడపడుచు వాట్సాప్‌లో ఒక లింకు పంపి "వదినా, ఈ కథ వినండి, అచ్చం మీరు రాసినట్టే ఉంది" అంది. రాసినట్టు ఉండడమేమిటి, రాసింది నేనే. 2014లో ఒక వారపత్రిక కథల పోటీకి పంపితే సాధారణ ప్రచురణకి తీసుకున్నారు. 2019లో నా సంపుటిలో కూడా వేసుకున్నాను. ఈ ఛానెల్ వాళ్ళు కథ పేరు మార్చేశారు. నా పేరు చదివేటప్పుడూ లేదు, కింద డిస్క్రిప్షన్‌లోనూ లేదు. లక్ష దాటాయి వ్యూస్. మధ్యమధ్య ప్రకటనలు కూడా వస్తున్నాయి.

ఒళ్ళు మండింది మాత్రం అందుకు కాదు. నా కథలో కోడలు చివర్లో తాళంచెవులు బల్ల మీద పెట్టి, మాటా పలుకూ లేకుండా వెళ్ళిపోతుంది. వీళ్ళ దాంట్లో గుమ్మం దాకా వెళ్ళి, వెనక్కొచ్చి, అత్తగారి కాళ్ళ మీద పడి క్షమించమంటుంది! దానికి వెనక వీణ ఒకటి. కింద కామెంట్లలో "ఈ కాలం కోడళ్ళు చూసి నేర్చుకోవాలి" అని దండాల బొమ్మలు.

కామెంటు పెట్టాను, తీసేశారు. ఇంకోటి పెడితే బ్లాక్ చేశారు. పత్రికకి ఫోన్ చేస్తే "పోటీ కథల హక్కులు మావేనండీ, మేం చూసుకుంటాం" అన్నారు. ఇంతవరకూ ఏమీ చూసుకోలేదు. అసలు నా కథ మీద నాకు హక్కుందా? నేను దాన్ని ఎక్కడా రిజిస్టర్ చేయించలేదు.

అచ్చుతప్పు
వీణకి విడిగా ఇంకో కేసు పెట్టాలండి.

సిరిసిల్ల_శీను
లక్ష మంది విన్నరంటే మాటలా మేడం. మనం కథల పుస్తకం ఐదొందల కాపీలు వేసుకుంటే సగం మన మంచం కిందనే ఉంటయి. పేరు పెట్టమని గట్టిగా అడగండి, పెడితే వదిలేయండి. కేసులూ గీసులూ అంటే టెన్షన్ మీకే.

పెరటిజామ
లక్ష మందికి చేరింది నా కథ అయితే మీరన్నట్టే వదిలేసేదాన్నేమో శీను గారూ. కాళ్ళ మీద పడిన కోడలి కథకి నా పేరు పెడితే అది ఇంకా ఘోరం కదా.

లా_పాయింటు
ముందు భయం తీరుస్తాను. రిజిస్ట్రేషన్ తప్పనిసరి కాదు. మన కాపీరైట్ చట్టం 1957 నాటిది, 1958 జనవరి 21 నుంచి అమల్లో ఉంది. కథ కాగితం మీదో ఫోన్‌లోనో రాసిన క్షణం నుంచే కాపీరైట్ మీది. సెక్షన్ 17 ప్రకారం మొదటి హక్కుదారు రచయితే. రిజిస్ట్రేషన్ ఉంటే కోర్టులో ప్రాథమిక సాక్ష్యంగా పనికొస్తుంది, అంతవరకే.

ఇక పత్రిక వాళ్ళ మాట. మీరు ఆ పత్రికలో జీతానికి పనిచేశారా? లేదు కదా. చేసినా సరే, పత్రిక యజమానికి దక్కేది పత్రికల్లో అచ్చు వేసుకునే హక్కు. మిగతావి రచయిత దగ్గరే ఉంటాయి. బయట నుంచి కథ పంపిన వాళ్ళ సంగతి చెప్పక్కర్లేదు. మీ హక్కులు వాళ్ళకి వెళ్ళాలంటే మీ సంతకంతో రాతపూర్వకంగా బదిలీ జరగాలి. సెక్షన్ 19 అదే చెబుతుంది. పోటీ ప్రకటన అడుగున చిన్న అక్షరాల్లో "సర్వహక్కులూ పత్రికవే" అని వాళ్ళు వేసుకుంటే అది మీ సంతకం అయిపోదు.

కథని చదివి రికార్డు చెయ్యడం, దాన్ని జనానికి వినిపించడం రెండూ సెక్షన్ 14లో రచయిత హక్కులే. అనుమతి లేకుండా చేస్తే ఉల్లంఘన. పేరు తీసెయ్యడం, ముగింపు మార్చడం దాని మీద ఇంకో తప్పు. దాని గురించి తర్వాత రాస్తాను, క్లయింటు వచ్చారు.

మూడుతరాల_కలం
సంతకం అంటున్నారు, మరి హామీపత్రం సంగతేమిటి? "ఈ కథ నా స్వంతం, దేనికీ అనుకరణా అనువాదమూ కాదు, ఎక్కడా ప్రచురితం కాలేదు, మరెక్కడా పరిశీలనలో లేదు" అని రాసి సంతకం పెట్టి పంపుతూనే ఉన్నాం కదా, నలభై ఏళ్ళుగా. దాంట్లో హక్కులు పోతాయా?

అచ్చుతప్పు
నాకు ఆ హామీపత్రం పెళ్ళి మంత్రాల కన్నా బాగా వచ్చు.

లా_పాయింటు
క్లయింటు వెళ్ళారు. మూడుతరాల గారూ, మంచి ప్రశ్న. మీరు రాసిన వాక్యాల్లో హక్కుల బదిలీ లేదు. కథ మీదేనని హామీ ఇస్తున్నారు, అంతే. అయితే ఈ మధ్య కొన్నిచోట్ల "ఆడియో, వీడియో, డిజిటల్ సహా సమస్త హక్కులు అప్పగిస్తున్నాను" అనే వాక్యం హామీపత్రంలోనే చేర్చి రాయమంటున్నారు. అది రాసి సంతకం పెడితే అప్పగించినట్టే లెక్క. అందుకే పెరటిజామ గారు అప్పుడు పంపిన కాగితం కాపీ వెతకాలి.

అలా రాసి ఉన్నా కథ అయిపోదు. గడువు చెప్పకపోతే బదిలీ 5 ఏళ్ళకే చెల్లుతుంది. ఏ ప్రాంతానికో చెప్పకపోతే ఇండియా వరకే. తీసుకున్న హక్కుని ఏడాదిలోగా వాడకపోతే, ఒప్పందంలో వేరేగా లేనంతవరకు, ఆ హక్కు బదిలీ రద్దయినట్టే. 2014లో తీసుకుని ఆడియో చెయ్యని పత్రిక ఇప్పుడు ఆడియో హక్కు మాదేనంటే నిలబడడం కష్టం.

పెరటిజామ
జిరాక్స్ దొరికింది! మూడుతరాల గారు రాసిన నాలుగు ముక్కలే ఉన్నాయి. "అప్పగిస్తున్నాను" అన్న మాటే లేదు.

లా_పాయింటు
అయితే పత్రికతో మీకు పనే లేదు. వాళ్ళు చూసుకోనక్కర్లేదు, మీరే చూసుకోవచ్చు.

మైకుముందు
కథలు చదివే ఛానెల్ నాకూ ఒకటి ఉంది, అందుకే చెబుతున్నా. అందరినీ ఒకే గాటన కట్టకండి. నేను ప్రతి రచయితకీ మెయిల్ పెట్టి, "చదవండి" అని జవాబు వచ్చాకే మైకు పట్టుకుంటాను. డబ్బులు ఇవ్వలేను, ఛానెల్‌కి వచ్చేది కరెంటు బిల్లుకి కూడా చాలదు. అయినా నన్నూ తిట్టినవాళ్ళున్నారు. ఒకాయన ఫోన్‌లో "నాయనా, నా కథలన్నీ నీవే, చదువుకో" అన్నారు. ఆర్నెల్లకి వాళ్ళబ్బాయి ఫోన్ చేసి "ఎవర్నడిగి చదివావు" అన్నాడు. ఏం చెప్పను?

లా_పాయింటు
మైకుముందు గారూ, నోటిమాట అనుమతి నమ్ముకోవద్దు. సెక్షన్ 30 ప్రకారం లైసెన్సు రాతలో ఉండాలి. ఏ కథ, ఏ ఛానెల్‌లో, ఎంతకాలం, ప్రకటనలు వేసుకోవచ్చా లేదా అన్నవి అందులో ఉంటే రేపు ఏ అబ్బాయి ఫోన్ చేసినా చూపించొచ్చు.

గోదారిగట్టు
ఆ ఛానెల్ డిస్క్రిప్షన్‌లో "సెక్షన్ 107, 1976 కాపీరైట్ చట్టం ప్రకారం ఫెయిర్ యూజ్" అని ఉందా? తెలుగు ఛానెళ్ళ కింద సగానికి సగం ఇదే కనిపిస్తుంది.

పెరటిజామ
ఉంది! నేనది చూసే భయపడ్డాను, ఏదో చట్టం వాళ్ళ పక్కన ఉందేమోనని.

గోదారిగట్టు
అది అమెరికా చట్టమండీ. రాజమండ్రిలో సిగ్నల్ దాటేసి టెక్సాస్ రూలు చూపిస్తున్నారు.

లా_పాయింటు
మన దగ్గర సెక్షన్ 52. సొంత చదువు, పరిశోధన, విమర్శ, సమీక్ష, వర్తమాన విషయాల వార్తలు, ఇలాంటి వాటికి న్యాయమైన వాడకం అనుమతిస్తుంది. మీ కథ మీద సమీక్ష చేస్తూ రెండు పేరాలు చదివితే తప్పులేదు. కథ మొత్తం చదివి ప్రకటనలు వేసుకోవడం సమీక్ష కాదు. ఆ డిస్క్లైమర్ రాసినా రాయకపోయినా ఒకటే. అమెరికా కోర్టులో కూడా అది రాసినంత మాత్రాన ఒరిగేదేం లేదు.

వినేచెవులు
నాకు చూపు లేదు. పుట్టినప్పటి నుంచీ తెలుగు కథ అంటే నాకు ఎవరో ఒకరి గొంతే. చిన్నప్పుడు అక్క, ఇప్పుడు ఈ ఛానెళ్ళు. అన్నీ తీయించేస్తే మేం ఎక్కడికి పోవాలి? సగం పుస్తకాలు ఫోన్‌లో అక్షరాలు చదివి వినిపించే స్క్రీన్ రీడర్‌కి అందవు, స్కాన్ చేసిన పీడీఎఫ్‌లే. మీ బాధ అర్థమైంది మేడం. కానీ ఈ చర్చలో "తీయించెయ్యండి" అనే మాట తేలిగ్గా పడిపోతోంది.

లా_పాయింటు
చెవులు గారూ, మీకోసం చట్టంలో విడిగా చోటుంది. 2012 సవరణలో సెక్షన్ 52(1)(జెడ్‌బి) చేర్చారు. వికలాంగులకి అందే రూపంలో ఏ రచననైనా ఎవరైనా తయారుచెయ్యొచ్చు, లాభాపేక్ష లేకుండా పంచొచ్చు. రచయితని అడగక్కర్లేదు. దృష్టిలోపం ఉన్నవాళ్ళ కోసం వచ్చిన మరాకేష్ ఒప్పందాన్ని 2014లో ప్రపంచంలో అందరికన్నా ముందు ఆమోదించింది ఇండియానే. అయితే ప్రకటనలు పెట్టి అందరికీ వదిలేసిన ఛానెల్ ఆ గొడుగు కిందకి రాదు.

వినేచెవులు
చట్టంలో చోటుంది సరే, తెలుగులో అలా చదివి పెట్టేవాళ్ళు ఎంతమంది?

పెరటిజామ
చెవులు గారూ, మీ ఈమెయిల్ నాకు మెసేజ్ చెయ్యండి. నా సంపుటి యూనికోడ్ ఫైలు పంపుతాను. స్క్రీన్ రీడర్ చదువుతుందా లేదా మీరే చూసి చెప్పండి.

మైకుముందు
నేను చదువుతాను. మేడం రాతలో ఇస్తే 😄

మూడుతరాల_కలం
నా గోడు కూడా వినండి. 1986లో ఒక ప్రచురణకర్తకి నవల ఇచ్చాను. మొత్తం సొమ్ము ఒకేసారి చేతిలో పెట్టి "శాశ్వత హక్కులు" అని టైపు చేసిన కాగితం మీద సంతకం పెట్టించుకున్నారు. అద్దె లైబ్రరీలు కళకళలాడుతున్న రోజులు, మాకు అదే మహాభాగ్యం. ఆయన పోయారు. ఇప్పుడు వాళ్ళ పిల్లలు ఆ నవలని ఏదో ఆడియో యాప్‌కి ఇచ్చుకున్నారు. నాకు కబురు కూడా లేదు. నవల విన్నామని పాఠకులు ఫోన్ చేస్తే తెలిసింది. ఇది నాదా, వాళ్ళదా?

లా_పాయింటు
మీది కొంచెం చిక్కు కేసు. సెక్షన్ 18కి 2012లో ఒక నిబంధన చేర్చారు. హక్కులు రాసిచ్చిన రోజుకి లేని, లేదా వ్యాపార వాడకంలో లేని మాధ్యమానికి ఆ రాత వర్తించదు, ప్రత్యేకంగా పేర్కొంటే తప్ప. 1986లో ఇంటర్నెట్ యాప్ ఎక్కడిది? మీ వైపు వాదన అదే. కానీ 2012కి ముందు రాసుకున్న కాగితాలకి ఆ నిబంధన వర్తిస్తుందా అన్నది కోర్టులో గట్టిగా వాదించాల్సిన విషయం. కాగితంలో పుస్తక ప్రచురణ అని ఉందా, సమస్త రూపాల్లో అని ఉందా? అది చదవకుండా నేను ఒక్క మాట ఎక్కువ చెప్పను. కాగితం తీసుకుని దగ్గర్లో ఈ చట్టం తెలిసిన లాయరుని కలవండి.

మూడుతరాల_కలం
కాగితం వాళ్ళ దగ్గరే ఉంది. మాకు కాపీ ఇచ్చే ఆచారం అప్పుడు లేదు.

అచ్చుతప్పు
ఇప్పుడుందా?

నల్లమల_నీడ
నాదీ ఒకటి. నా కథలో పాయింటు, తండ్రి చనిపోయాక కొడుక్కి ఇంకో కుటుంబం గురించి తెలియడం, దాన్ని ఒక టీవీ సీరియల్ వాళ్ళు లేపేశారు. కేసు వేస్తే గెలుస్తానా?

అచ్చుతప్పు
ఆ పాయింటు మీద కేసు వేస్తే తెలుగు సీరియళ్ళన్నీ ఒకదాని మీద ఒకటి వేసుకోవాలి.

లా_పాయింటు
నవ్వులాటే అయినా అచ్చుతప్పు గారు చెప్పింది నిజం. ఊహకి కాపీరైట్ లేదు, దాన్ని మీరు రాసిన తీరుకే. 1978లో ఆర్.జి. ఆనంద్ కేసులో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. ఒక నాటకకర్త తన నాటకాన్ని సినిమాగా తీసేశారని వేసిన కేసు అది, ఓడిపోయారు. రెండూ చూసిన మామూలు ప్రేక్షకుడికి ఇది దాని నకలే అని తప్పకుండా అనిపించాలి. మీ సన్నివేశాలు, పాత్రలు, వరస అన్నీ అలాగే దిగిపోయాయా? పాయింటు ఒక్కటే అయితే వదిలెయ్యండి.

నల్లమల_నీడ
మా బావ కథ రాయగానే కవర్లో పెట్టి తనకి తనే రిజిస్టర్డ్ పోస్టు చేసుకుంటాడు. విప్పకుండా బీరువాలో దాస్తాడు. అది పనిచేస్తుందా?

లా_పాయింటు
తేదీకి బలహీనమైన సాక్ష్యం. దానికన్నా కాపీరైట్ ఆఫీసులో ఆన్‌లైన్ దరఖాస్తు నయం. సాహిత్య రచనకి ఫీజు 500 రూపాయలు. డైరీ నంబరు వస్తుంది, అభ్యంతరాల కోసం 30 రోజులు ఆగుతారు, ఆ తర్వాత పరిశీలన. సినిమా వైపు వెళ్ళే కథయితే రచయితల సంఘంలో కూడా నమోదు చేయిస్తారు. అదీ సాక్ష్యమే, హక్కు పుట్టేది మాత్రం రాతలోనే.

డాలస్_బాబాయ్
మధ్యలో దూరుతున్నా. పాత పుస్తకాలు స్కాన్ చేసి అందరికీ పెట్టడం నా సరదా. అది కూడా దొంగతనమేనంటారా? మనం పెట్టకపోతే చెదలు తింటాయి.

లా_పాయింటు
రచయిత ఎప్పుడు పోయారన్న దాన్ని బట్టి. చనిపోయిన తర్వాతి ఏడాది జనవరి 1 నుంచి లెక్కపెట్టి 60 ఏళ్ళు. గురజాడ 1915లో పోయారు, నిక్షేపంగా పెట్టుకోండి. శ్రీపాద సుబ్రహ్మణ్యశాస్త్రి 1961, కాబట్టి 2022 జనవరి 1 నుంచి అందరివీ. చలం 1979, అంటే 2039 చివరి దాకా హక్కులున్నాయి. శ్రీశ్రీ 1983, 2043 చివరి దాకా. రచయిత పోయాక మొదటిసారి అచ్చయిన రచనలకి లెక్క వేరు, అచ్చయిన ఏడాది నుంచి 60. ఇంకోటి, మూలం పాతదైనా కొత్త సంపాదకుడి ముందుమాట, నోట్సు కొత్తవి. వాటిని స్కాన్ చెయ్యకండి.

పాతపుస్తకాల_పిచ్చి
మొదట్లో ఈ గడువు 50 ఏళ్ళేనండి. రవీంద్రనాథ్ ఠాగూర్ 1941లో పోయారు. 1991తో ఆయన రచనల గడువు తీరిపోతుంటే, వాటి హక్కులున్న విశ్వభారతి విశ్వవిద్యాలయం కోసం అని 1992లో 60 చేశారు. ఆయన పేరు చెప్పి అందరికీ పదేళ్ళు కలిసొచ్చాయి. మంచో చెడో అన్నది వేరే చర్చ. నా ఓటు చెడుకే. మనవడికి తాతగారి పుస్తకం మీద ఆసక్తి ఉండదు, వేరేవాళ్ళని వెయ్యనివ్వడు.

డాలస్_బాబాయ్
నిజం. ఒక రచయిత్రి పుస్తకం మళ్ళీ వేద్దామని ముగ్గురు మనవల్ని అడిగాను. ఒకాయన "మా అమ్మమ్మ రాసేదా?" అన్నాడు.

సిరిసిల్ల_శీను
వాట్సాప్ సంగతి చెప్పండి సార్. నా కథ నాకే వచ్చింది, కింద "సేకరణ" అని మా చిన్నాయన పేరుతోటి. ఆయన మీద కేసు పెడితే ఇంట్ల బువ్వ పెట్టరు.

అచ్చుతప్పు
తెలుగులో అత్యధిక రచనలు చేసినాయన ఈ సేకరణ గారే.

లా_పాయింటు
శీను గారిది లోక్ అదాలత్ మ్యాటరు. పెరటిజామ గారి అసలు బాధకి వస్తాను, ముగింపు. సెక్షన్ 57. హక్కులు అమ్మేసుకున్నా కూడా రచయిత దగ్గర రెండు ఉండిపోతాయి. ఇది నేను రాశాను అని చెప్పుకునే హక్కు, నా పరువుకి భంగం కలిగేలా రచనని వక్రీకరిస్తే ఆపించే హక్కు. హిందీ రచయిత్రి మన్నూ భండారీ తన నవలని సినిమాకి అమ్మారు. సినిమాలో కథ మార్చేశారని ఢిల్లీ హైకోర్టుకి వెళ్ళారు. 1986లో కోర్టు ఈ సెక్షన్‌ని చాలా గట్టిగా చదివి, సినిమాగా మలిచేటప్పుడు కొంత మార్పు తప్పదు కానీ రచయిత హక్కు ఒప్పందం కన్నా పైనే ఉంటుందని చెప్పింది. ఆమె డబ్బు తీసుకుని అమ్మారు. మీరు అసలు అమ్మనే లేదు.

చెయ్యాల్సింది చెబుతాను. ముందు వీడియో డౌన్‌లోడ్ చేసి, వ్యూస్, తేదీ కనిపించేలా స్క్రీన్‌షాట్లు తీసి దాచండి. వాళ్ళు తీసేశాక సాక్ష్యం ఉండదు. యూట్యూబ్‌లో కాపీరైట్ తొలగింపు ఫారం నింపండి, మీ పేరు ఛానెల్ వాళ్ళకి కనిపిస్తుంది, అది తప్పదు. వాళ్ళు తొలగింపు తప్పంటూ కౌంటర్ నోటిఫికేషన్ వేస్తే, పది పనిదినాల్లో మీరు కోర్టుకి వెళ్ళినట్టు చూపించాలి, లేదంటే వీడియో మళ్ళీ పైకి రావచ్చు. సివిల్ దావా మీరుండే ఊరి జిల్లా కోర్టులోనే వెయ్యొచ్చు, వాళ్ళ ఊరు వెళ్ళక్కర్లేదు. ఇది చాలామందికి తెలియదు.

గోదారిగట్టు
క్రిమినల్ కేసు పెట్టేస్తే? మూడేళ్ళు లోపలంట కదా.

లా_పాయింటు
తెలిసి చేసిన ఉల్లంఘనకి సెక్షన్ 63లో 6 నెలల నుంచి 3 ఏళ్ళ జైలు, 50 వేల నుంచి 2 లక్షల జరిమానా. అది నాన్‌బెయిలబుల్ నేరమని, అంటే కోర్టు ఇస్తేనే బెయిలని, 2022లో సుప్రీంకోర్టు చెప్పింది కూడా. పోలీసులకి ఫిర్యాదు ఇవ్వొచ్చు. కానీ స్టేషన్లో కోడలి కథ ముగింపు ఎస్సై గారికి వివరించే ఓపిక మేడం దగ్గర ఉండాలి.

అచ్చుతప్పు
ఎస్సై గారు కూడా వీణ ముగింపే బాగుందంటే?

పెరటిజామ
ఫారం నింపి పంపాను. స్క్రీన్‌షాట్లన్నీ మా అబ్బాయి తీసి పెట్టాడు. సాయంత్రమే ఛానెల్ అతను మెయిల్ పెట్టాడు, "మేడం, స్ట్రైక్ పడితే మా ఛానెల్‌కి ఇబ్బంది, మీ పేరు పెడతాం, వెనక్కి తీసుకోండి" అని. ఇప్పటికే ఒక స్ట్రైక్, అంటే కాపీరైట్ ఉల్లంఘనకి యూట్యూబ్ వేసే హెచ్చరిక, ఉందట. వెనక్కి తీసుకోవాలా?

సిరిసిల్ల_శీను
90 రోజుల్లో మూడు పడితే ఛానెల్ లేచిపోతది. పాపం అనిపిస్తలేదా మేడం?

మైకుముందు
నాకైతే అనిపించడం లేదు శీనన్నా. ఒక స్ట్రైక్ ఉన్నవాడు రెండోది తెచ్చుకున్నాడంటే ఇంకెవరి కథో కూడా ఎత్తుకొచ్చాడు. అడిగి చదివే మాకు వెయ్యి వ్యూస్ రావు, అడక్కుండా రోజుకి రెండు పెట్టేవాడికి లక్షలు.

లా_పాయింటు
అది మీ ఇష్టం మేడం. వెనక్కి తీసుకునేట్టయితే ముందు మీ షరతులు మెయిల్‌లో రాసి, వాళ్ళ అంగీకారం రాతలో తెప్పించుకోండి. ఆ వీడియో తీసెయ్యాలి, అసలు ముగింపుతో, కథ అసలు పేరుతో, మీ పేరుతో మళ్ళీ చదవాలి, ఇప్పటిదాకా వచ్చిన దాంట్లో మీ వాటా ఎంతో తేల్చాలి.

పెరటిజామ
షరతులు పంపాను. డబ్బు అడగలేదు, మిగతావన్నీ అడిగాను. "ముగింపు మారిస్తే ఆడియన్స్‌కి నచ్చదు మేడం" అని జవాబు. కాబట్టి వెనక్కి తీసుకోవడం లేదు.

మూడుతరాల_కలం
బాగా చేశావమ్మా. కానీ డబ్బు కూడా అడగాల్సింది. మనం అడగం, అందుకే ఎవరూ ఇవ్వరు.

డాలస్_బాబాయ్
లా పాయింటు గారూ, ఆ మనవల సంగతి తేలలేదు. వారసులెవరో దొరకని పుస్తకాలకి దారేదైనా ఉందా?

లా_పాయింటు
ఉంది. సెక్షన్ 31ఏ. రచయిత చనిపోయి, లేదా ఎవరో తెలియక, హక్కుదారు ఎంత వెతికినా దొరకకపోతే, పత్రికా ప్రకటన వేసి లైసెన్సుకి దరఖాస్తు చెయ్యొచ్చు. రాయల్టీ ఎంతో నిర్ణయిస్తారు, అది జమ చేసి పుస్తకం వేసుకోవచ్చు. కానీ మీ మనవలు దొరికారు కదా, వాళ్ళకి ఇది పనికిరాదు. వాళ్ళతో ఒక కాగితం రాయించుకోండి, అమ్మమ్మ రాసేదని ఇప్పుడు తెలిసింది కాబట్టి వినొచ్చు.

ఇక్కడున్న రచయితలంతా కూడా, ఇల్లూ పొలం ఎవరికో విల్లులో రాసేటప్పుడు రచనల హక్కులు ఎవరికో ఒక లైను చేర్చండి. లేకపోతే అవి వారసులందరికీ ఉమ్మడిగా పోతాయి, ఒకరు సంతకం పెట్టరు.

మూడుతరాల_కలం
ముగ్గురు పిల్లల్లో తెలుగు చదవగలిగేది ఒక్కతే. దానికే రాస్తాను.